అతుకు మందు

ఎమ్మిగనూరు టూరింగ్ టాకీసులో ఆపరేటరు దస్తగిరి పుట్టిన రోజు ఒక్కటి తప్ప మిగిలిన అన్ని రోజులూ అబద్ధాలే చెప్పాడనీ, ఆ ఒక్కరోజూ మాటలు రాక ఊరుకున్నాడనీ డేరా యజమాని అయ్యన్న ఒట్టేసి చెప్పేవాడు.

ఆదోని తాలూకా బళ్ళారి జిల్లాను వదిలి కర్నూలు జిల్లాలో కలిసిన మరుసటి ఏడు అది. కౌతాళం నుంచి బండ్లు కట్టుకొని ఆటకొచ్చిన కన్నడం వాళ్లని దస్తగిరి డేరా వాకిట్లో ఆపి, జిల్లా మారింది కాబట్టి ఇకమీద నవ్వొచ్చే చోట నవ్వాలంటే కర్నూలు నుంచి పర్మిషను రావాలని చెప్పాడు. ఆ వారం నాలుగు ఆటలు చావింట్లో కూర్చున్నట్టు జరిగాయి. ఇంకోసారి ఐదో రీలునీ తొమ్మిదో రీలునీ తారుమారు చేసి ఆడించాడు. చచ్చిపోయిన మామ లేచి వచ్చి, చేతులు కడుక్కొని, భోజనానికి కూర్చున్నాడు. జనం ఈలలేశారు. మర్నాడు వరస సరిచేసి వేస్తే, నిన్న బతికిన మనిషిని ఈరోజు ఎందుకు చంపావని నలుగురు మగ్గం పనివాళ్లు తగాదాకొచ్చారు.

ఇన్ని అల్లరి పనులు చేసినా అయ్యన్న అతన్ని తీసెయ్యకపోవడానికి కారణం ఒక్కటే, తెగిన ఫిల్మును అతికించడంలో దస్తగిరిని మించినవాడు తుంగభద్రకి ఇటుపక్కన లేడు. అటుపక్కన ఉన్నాడా అంటే, లేడని దస్తగిరే చెప్పాడు. సినిమా పెట్టె మద్రాసులో బయలుదేరి, ఊరూరా ఆడి, ఆదోని స్టేషనులో దిగి, బస్సు టాపు మీద ఎమ్మిగనూరు చేరేసరికి అందులో ఫిల్ము కన్నా అతుకులే ఎక్కువుండేవి. ఆట మధ్యలో తెగితే, ముందు వరసవాళ్లు ఇసుక పిడికిట్లోకి తీసుకొని విసిరేలోపల అతికించాలి.

అతికించడానికి మందు కావాలి. మందు ఎట్లా చేస్తారంటే, పనికిరాని పాత ఫిల్ము ముక్క తీసుకొని, వేడినీళ్లలో చాకలి సోడా వేసి దాని మీది బొమ్మని కడిగెయ్యాలి. బొమ్మ నల్లగా కారిపోతుంది. మిగిలిన తెల్లటి పీలికని చిన్నచిన్నగా కత్తిరించి, సీసాలో అరటిపండు వాసనొచ్చే ద్రావకంలో వేస్తే రాత్రికి రాత్రి కరిగి జిగురవుతుంది. కుంచెతో ఒక్క పూత పూసి, రెండు కొసలూ కలిపి నొక్కిపెడితే అయిపోయింది. ఒక ఫిల్మును బతికించాలంటే ఇంకో ఫిల్మును కరిగించాల్సిందే.

కరిగించడానికి దస్తగిరి దగ్గర ఒక పాత రీలు ఉండేది. అయ్యన్న ఆ ప్రొజెక్టరును రాయచూరులో మూతబడిన కంపెనీ దగ్గర కొన్నప్పుడు దాంతోపాటు వచ్చిన ట్రంకులో దొరికింది. మూకీ కాలందీ, పేరూ ఊరూ లేనిదీ. అందులో ఒక పిల్ల గుర్రమెక్కి దౌడు తీస్తుంది. చెట్టుకొమ్మకి చున్నీ తగులుకుంటుంది. ఆ పిల్ల వెనక్కి తిరిగి, తెర మీంచి నేరుగా జనంవైపు చూసి, ఒక ముక్క విరిగిన పన్ను కనబడేటట్టు నవ్వుతుంది. మళ్లీ గుర్రాన్ని తోలుకొని దుమ్ములోకి పోతుంది. అంతే. కొత్తల్లో జనం వచ్చి కూర్చునేదాకా దాన్నే ఆడించేవాళ్లు. తర్వాత అయ్యన్నకి విసుగొచ్చింది. "మాట్లాడని బొమ్మ ఎందుకురా, మా ఇంట్లో ఉండేదీ మాట్లాడదు, దానికి నేను టిక్కెట్టు పెట్టినానా?" అన్నాడు. అప్పట్నుంచి దస్తగిరి ఆ రీలు బయటి కొస పట్టుకొని, అవసరమైనప్పుడల్లా మూరెడో జానెడో కత్తిరించుకుంటూ వచ్చాడు.

ప్రతి శుక్రవారం పెట్టె కోసం ఆదోని స్టేషనుకి పోవాలి. స్టేషను పక్కనే పత్తిలోంచి గింజ తీసే జిన్ను మిల్లు. మధ్యాహ్నం జిన్ను కూత వెయ్యగానే తలమీదా రెప్పలమీదా దూదితో, ముసలితనం ముందే వచ్చినట్టున్న ఆడోళ్లు ప్లాట్‌ఫారం నీడలోకి సద్దులు విప్పుకోవడానికి వచ్చేవాళ్లు. వాళ్లలో ఒకామె సర్దార్‌బీ. నలభై అయిదేళ్లుంటాయి. ఒక కంటికి పొర పూర్తిగా కమ్మింది, రెండోదానికి కమ్ముతోంది. అందరూ ఆమెను సినిమాబీ అనేవాళ్లు. వయసులో ఉన్నప్పుడు బొంబాయిలో సినిమాల్లో చేశానని ఆమె చెప్పుకుంటుంది కాబట్టి. నమ్మేవాళ్లెవరూ లేరు కాబట్టి.

దస్తగిరి పెట్టె దించుకుంటుంటే ఆమె ప్రతివారం వచ్చి ఒకే మాట అడిగేది.

"నా సినిమా వచ్చినాదా బేటా?"

"బయలుదేరినాది ఖాలా. సినిమా తెచ్చే గుర్రం పుణే కాడ బండి దిగి గడ్డి తింటాందంట."

మరుసటి వారం గుర్రానికి షోలాపూరులో నాడాలు కొట్టించారు. ఇంకో వారం గుర్రానికి టిక్కెట్టు లేదని వాడి జంక్షన్లో దించేశారు. రాయచూరులో గుర్రానికి పెళ్లి సంబంధం చూశారు. ఏడాదిన్నర పాటు ఆ గుర్రం బొంబాయి నుంచి ఆదోనికి నడుస్తూనే ఉంది. సర్దార్‌బీ పక్కనుండే ఉరుకుందమ్మ కడుపు పట్టుకొని నవ్వేది. సర్దార్‌బీ కూడా నవ్వేది. అయినా తర్వాతి శుక్రవారం మళ్లీ అడిగేది. అది ఎందుకని దస్తగిరి ఎప్పుడూ ఆలోచించలేదు. తర్వాతి అబద్ధం తయారు చేసుకోవడంలో అతనికి తీరిక ఉండేది కాదు.

ఆ శుక్రవారం బండి రెండు గంటలు లేటు. జిన్నులో పట్టా తెగి పని నిలిచిపోయింది. దస్తగిరి మొదటి అరగంటలోనే ఉన్న అబద్ధాలన్నీ అయిపోగొట్టుకున్నాడు. జీవితంలో మొదటిసారి నోరు మూసుకొని కూర్చోవాల్సొచ్చింది. ఆ సందులో సర్దార్‌బీ మాట్లాడింది.

"మా అబ్బా పీరా సాబ్ ఈ స్టేషన్లోనే జట్కా తోలేటోడు. నేను నడక నేర్సకముందే గుర్రమెక్కినా."

"నడక ఇంగా నేర్సలేదులే అక్కా," అంది ఉరుకుందమ్మ.

"నువ్వుండవే. పదిహేడేండ్లప్పుడు మామూ కాడికి బొంబాయి పోతి. ఆయన సినిమా కంపెనీలో గుర్రాలు సూసేటోడు. ఆ పొద్దు ఈరోయిన్ని గుర్రమెక్కమంటే ఏడుస్తాండాది. గుర్రం గూడా ఏడుస్తాండాది. మామూ నన్ను ఎక్కించినాడు. అంతే, ఆమె జాగాలో నేను, నా జాగాలోకి తర్వాత ఇంగెవురో."

అయిదేళ్లలో తొమ్మిది సినిమాలు. కంపెనీ ఆమెకి మిస్ చాందిని అని పేరు పెట్టింది. గోడల మీద ఆమె బొమ్మ, ఆమెకన్నా రెండింతలు పెద్ద గుర్రం బొమ్మ. తగరపు రేకులతో ఎండని మొహం మీదికి కొట్టేవాళ్లు, రెప్ప వెయ్యకూడదు. "ఆ ఎండే ఈ పొర," అంది ఆమె, కన్ను రుద్దుకుంటూ. గుర్రం పైనుంచి పడి పన్ను విరగ్గొట్టుకుంటే, డైరెక్టరు నోరు తెరవొద్దన్నాడు. మూకీలో నోరు తెరిచినా తెరవకపోయినా ఒకటే కదా అని ఈమె అనుకుంది. తర్వాత మాటల సినిమాలొచ్చాయి. మైకు ముందర నిలబెట్టి ఒక మాట చెప్పమన్నారు. గుర్రాల్ని అదిలించీ అదిలించీ బొంగురుపోయిన ఆమె గొంతు విని, అక్కడున్న నలుగురూ ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. బయట పోతున్న గుర్రాలు మాత్రం టక్కున నిలబడ్డాయంట. మర్నాడు ఆమె పేరు పిలవలేదు. ఆ మర్నాడూ పిలవలేదు. ఇరవై రెండేళ్ల వయసులో ఆదోని బండెక్కింది. తెచ్చుకున్న రెండు ఫోటోలనీ పరువు తక్కువని అన్న పొయ్యిలో పెట్టాడు.

"కన్ను పూర్తిగా పోకముందు ఒక్కసారి సూసుకుందామని," అంది. "వాళ్లు నమ్మనీ నమ్మకపోనీ. నాకే నమ్మకం తగ్గతాండాది బేటా. నిజంగా చేసినానా, కల గన్నానా అని. ఒక సినిమాలో అయితే నేను నేరుగా కెమెరా డబ్బా దిక్కు సూసి నవ్వినా. డబ్బా దిక్కు సూడకూడదని ఎన్నిసార్లు సెప్పినారో. సూడకుండా ఎట్లుంటాం, చున్నీ పోయి కొమ్మకి తగులుకునె…"

చెబుతూ చెబుతూ ఆమె నవ్వింది. పై వరసలో, ఎడమవైపు, ఒక ముక్క విరిగిన పన్ను.

దస్తగిరికి కాళ్లకింద ప్లాట్‌ఫారం కదిలినట్టయింది. బండి ఇంకా రాలేదు.

"చింతచెట్టు కొమ్మ," అన్నాడు.

"నీకెట్ల తెలుసు?"

"నేను సూసినా ఖాలా. ఆ సినిమా. మా డేరాలోనే ఉండాది."

ఇద్దరు ఆడోళ్లూ ఒకరినొకరు చూసుకొని ఒక్కసారి పగలబడి నవ్వారు. "ఇంతకీ గుర్రానికి పిల్లలెంతమందప్పా?" అంది ఉరుకుందమ్మ. అతను నిజమన్నాడు. ఇంకా నవ్వారు. అమ్మ మీద ఒట్టేశాడు. ఆ ఒట్టుతో ఉరుకుందమ్మ నవ్వు ఆగలేదు గానీ సర్దార్‌బీ నవ్వు ఆగిపోయింది. దగ్గరికి జరిగి, మంచి కన్నుని అతని మొహానికి జానెడు దూరంలో పెట్టి చాలాసేపు చూసింది.

"ఆదివారం వస్తాండా," అంది.

మిగిలిన మాట కూడా అప్పుడే చెప్పాల్సింది. దస్తగిరి నోరు తెరిచాడు. రెండు గంటలు రాని బండి సరిగ్గా అప్పుడే కూత వేసుకుంటూ వచ్చింది.

డేరాకి పోయి ట్రంకు తెరిచాడు. చుట్ట లోపలి కొస మాత్రం మిగిలింది. జానెడున్నర. వెలుతురుకి పెట్టి చూశాడు. గుర్రం వెనక కాళ్లు, తోక, దుమ్ము. మళ్లీ చూశాడు. ఎన్నిసార్లు చూసినా గుర్రం పోతూనే ఉంది గానీ పిల్ల వెనక్కి తిరగడం లేదు. తిరిగిన ముక్క ఎప్పుడు కత్తిరించాడో అతనికి బాగా గుర్తుంది. ఇరవై రోజులైంది. సోడా నీళ్లలో వేసి బొటనవేలితో రుద్దితే నవ్వు ముందు పోయింది, కళ్లు తర్వాత పోయాయి. అప్పుడు ఏదో పాట కూనిరాగం తీస్తున్నాడు కూడా. అంతకుముందు అరవై, డెబ్బై శుక్రవారాలు ఆ నవ్వు ట్రంకులోనే ఉంది. ఆమె అడుగుతూనే ఉంది. గుర్రం షోలాపూరులో నాడాలు కొట్టించుకుంటూనే ఉంది.

అయ్యన్నకి చెప్పాడు. అయ్యన్న ఒక్క నిమిషం కూడా ఆలోచించలేదు.

"దానికేం రా? మొన్నటి సినిమాలో ఈరోయిను గుర్రమెక్కే తుండు ఒగటి మన కాడ ఉండాదిగదా. అదెయ్యి. ఆయమ్మకి కండ్లు కనపడవు, మిగిలినోళ్లకి ఎవురో ఒగురు గుర్రం మింద కనపడతారు. అందరూ సంతోసం. నీకు అబద్ధాలు నేను నేర్పాలనా?"

దస్తగిరి అల్లరి చరిత్రలో ఇంత సులువైన పని ఇంతకుముందు దొరకలేదు. ఆ తుండు తీసి, అతికించి, రీలు ముందర చుట్టి పెట్టాడు. పెట్టాక అన్నం సహించలేదు. అతను అన్నం తినలేదన్న సంగతిని ఊళ్లో ఎవరూ నమ్మలేదు.

ఆదివారం సాయంత్రం బస్సులోంచి ఏడుగురు ఆడోళ్లు దిగారు. జిన్నులో దూది దులుపుకొని, తలకు నూనె రాసుకొని, కొంగుల్లో బొరుగులు మూటగట్టుకొని వచ్చారు. సర్దార్‌బీ పెళ్లినాటిది కాబోలు, మడతలు పడిన ఆకుపచ్చ చీర కట్టుకుంది. కళ్లకి సుర్మా పెట్టుకుంది, కనబడే కంటికీ కనబడని కంటికీ.

"ముందు నన్ను మిషను కాడికి తీస్కపో," అంది దస్తగిరితో. "ఆ పొద్దుల్లో గూడా నేను ముందు మిషను కాడికే పోయేదాన్ని."

మిషను గది అంటే రేకులతో కట్టిన చిన్న గూడు. ఆమె తలవంచుకొని లోపలికొచ్చి, ఒక్క అడుగు వేసి ఆగిపోయింది. ముక్కు ఎగబీల్చింది. చెయ్యి చాపి తడుముకుంటూ బల్ల మీదున్న సీసా దొరకబుచ్చుకొని, మూత తీసి వాసన చూసింది. అరటిపండు.

"ఎవురిని కరగబెట్టినావు?" అంది.

దస్తగిరికి అబద్ధం దొరకలేదు. వెతికాడు కూడా.

"చెప్పు బేటా."

చెప్పాడు. ట్రంకు సంగతి, మూరలు, జానలు, సోడా నీళ్లు. ఇరవై రోజుల కింద కరిగించిన నవ్వు సంగతి చివర చెప్పాడు. "నువ్వని తెలీదు ఖాలా. నువ్వెప్పుడూ సెప్పలేదు," అన్నాడు. అన్నాక, ఆమెని ఎప్పుడు చెప్పనిచ్చానని తనకే అనిపించి, నేలవైపు చూశాడు.

ఆమె సీసాని దీపానికి ఎదురుగా ఎత్తి పట్టుకుంది. అడుగున రెండు వేళ్ల ఎత్తు జిగురు, తేనెరంగులో, మెల్లగా ఒకపక్కకి ఒరిగింది.

"బొంబాయిలో మా కంపెనీ అతుకుల గదిలో గూడా ఇదే వాసన," అంది. "శాంత అని కొత్త పిల్ల ఒగతి వచ్చె. నాకన్నా బాగా నవ్వుతాదనిరి. అతుకులోడికి నేనంటే భయం. ఆ పిల్ల మంచి తుండ్లన్నీ మందులోకి ఏయమని నేనే సెప్పినా. ఆ పిల్ల వచ్చి ఏడిస్తే, అరటిపండు వాసనొస్తాందా, తిను అన్నా. అందరూ నవ్విరి. నేనే ఎక్కువ నవ్వినా." సీసాకి మూత పెట్టింది. "ఆ పిల్ల యాడుందో. ఉందో లేదో. దాన్ని గూడా ఎవురన్నా నమ్మింటారా?"

బయట జనం కూర్చుంటున్నారు. అయ్యన్న గంట కొట్టాడు.

"ఇంగో తుండు పెట్టినా ఖాలా," అన్నాడు దస్తగిరి. "గుర్రం మింద ఒగామె పోయేది. నీ జతోళ్లు నువ్వే అనుకుంటారు."

"తీసెయ్యి. ఆ పిల్ల కష్టం నాదని ఎట్ల సెప్పేది? నేను ఒగసారి చేసిందే సాలదా?"

అతను రీలు విప్పి, ఆ తుండు కత్తిరించి పక్కన పెట్టాడు. ట్రంకులోంచి జానెడున్నర తీసి ఆమె చేతిలో పెట్టాడు. ఆమె దాన్ని మిషను వెలుతురుకి పట్టి, మంచి కన్ను ఆనించి, ఒక్కొక్క బొమ్మే జరుపుకుంటూ చూసింది. జానెడున్నర చూడటానికి అంతసేపు పడుతుందని దస్తగిరికి తెలీదు.

"బాద్‌షా," అంది చివరికి. "ఎనక కాలు ఒగటి తెల్లగుంటాది. సూడు." ఇంకో బొమ్మ జరిపి, "నేను దీని మిందనే ఉండా. కొంచెం పైన," అంది.

ఆ పీలికని కొంగులో ముడేసుకొని పోయి ఆడోళ్ల వైపు ఇసుకలో కూర్చుంది.

ఆట మొదలైంది. అది కొత్త సినిమా, మాటలు, పాటలు, పెద్దపెద్ద ఇళ్లు. గుర్రం లేదు. ఉరుకుందమ్మ రెండు నిమిషాలు ఓర్చుకుంది.

"యాడక్కా నువ్వు? బిల్డింగు ఎనకాల ఉండావా?"

అప్పుడే మొదటి అతుకు వచ్చింది. మిషనులో టక్కుమంది. తెర మీది బొమ్మ ఒక్కసారి ఎగిరిపడి సర్దుకుంది.

"అదో," అంది సర్దార్‌బీ. "నేనే."

"యాది?"

"ఇప్పుడు ఎగిరె గదా. అది నేనే."

ఏడుగురిలో ఆరుగురు నవ్వారు. ఇంకో అతుకు. టక్. "నేనే." పక్క వరసవాళ్లు కూడా నవ్వారు. ఆ సినిమాలో ఎన్ని అతుకులున్నాయో దస్తగిరికి తెలుసు. అందులో పదకొండు అతను స్వయంగా వేసినవి, ఇరవై రోజుల కింద ఆ నవ్వు కరిగించి చేసిన మందుతో. మిగిలినవి ఎవరెవరో, ఏయే ఊళ్లలోనో, ఎవరెవరిని కరిగించో వేసినవి. ఇంటర్వెల్లు అయ్యేసరికి బొమ్మ ఎగిరినప్పుడల్లా ఆడోళ్లవైపు నుంచి సర్దార్‌బీ అని కేకలు, మగవాళ్లవైపు నుంచి ఈలలు. ఎమ్మిగనూరులో ఏ హీరోయినుకీ అన్ని ఈలలు పడలేదు. ఇది మాత్రం లెక్కపెట్టి చెబుతున్న మాట.

కిటికీ కన్నంలోంచి తల బయటపెట్టి, ఆమె చెప్పేది నిజమేనని అరుద్దామని దస్తగిరికి రెండుసార్లు అనిపించింది. రెండుసార్లూ ఊరుకున్నాడు. అతను చెబితే ఆ కొంచెం కూడా నమ్మరు.

ఎనిమిదో రీలులో ఫిల్ము పుటుక్కున తెగింది. తెర తెల్లబోయింది. డేరా అంతా లేచి గోల పెట్టింది. ముందు వరసవాళ్లు పిడికిళ్లలోకి ఇసుక తీసుకున్నారు. దస్తగిరి రెండు కొసలూ గీకి, కుంచె తీసుకొని సీసా మూత తిప్పాడు. అరటిపండు వాసన గూడంతా నిండింది. ఎన్నో వందల సార్లు చేసిన పని. కుంచెని సీసా మూతి మీదే ఆపాడు.

అంత గోలలోంచి ఒక బొంగురు గొంతు వినబడింది. దానికి మైకు అక్కర్లేకపోయింది. రెండు వందలమంది గోలని దాటుకొని, రేకుల గూట్లోకి నేరుగా వచ్చింది.

"తొందరేం లేదు బేటా. కొంచెం ఎక్కువ పూయి."

దస్తగిరి కుంచెని అడుగుదాకా ముంచి, రెండు పూతలు పూశాడు.